సత్తు గిన్నెలో వారం రోజుల కరెంటు

ఐస్‌లాండ్‌లో అల్యూమినియం ఖనిజమైన బాక్సైట్ గని ఒక్కటీ లేదు కదా, మరి అంత పెద్ద అల్యూమినియం ఫ్యాక్టరీలు అక్కడెందుకు పెట్టారని ఒక పాఠకురాలు అడిగారు. నాకు భలే ఇష్టమైన ప్రశ్న ఇది. జవాబు మన వంటింటి సత్తు గిన్నెలోనే ఉంది. కిలో లోహం తీయడానికి 13, 14 యూనిట్ల కరెంటు కావాలి. 75 వాట్ల ఫ్యాన్ వారం పాటు రాత్రీ పగలూ తిరిగితే దాదాపు అంత అవుతుంది.

బాక్సైట్‌ను శుద్ధి చేస్తే వచ్చే తెల్లటి పొడి అల్యూమినా. దాన్ని నేరుగా కరిగించాలంటే 2,000 డిగ్రీలు దాటాలి. ఉప్పును ద్రవంగా మార్చాలంటే 800 డిగ్రీలు కావాలి, కానీ గ్లాసుడు నీళ్లలో వేస్తే చాలు కదా! అల్యూమినాకు క్రయోలైట్ అనే ఖనిజమే ఆ నీళ్లు. 960 డిగ్రీల దగ్గర దాన్ని తనలో కలిపేసుకుంటుంది. 1886లో అమెరికాలో హాల్, ఫ్రాన్స్‌లో ఎరూ ఒకరి సంగతి ఒకరికి తెలియకుండానే ఈ పద్ధతి కనిపెట్టారు. 'క్రయోలైట్ ఎందుకు కలుపుతారు?' అని పిల్లలతో బట్టీ పట్టిస్తాం. ఉప్పునీళ్ల గ్లాసు చూపిస్తే జన్మలో మరిచిపోరు.

ఇక ఈ ద్రవంలోకి కరెంటు పంపి లోహాన్ని విడదీసే తొట్టెల సంగతి. పందిరికి కట్టే సీరియల్ బల్బుల్లా వందల తొట్టెలను వరసగా కలుపుతారు. ఒక్కో తొట్టెకు నాలుగు వోల్టుల పైచిలుకు చాలు, అంటే మూడు టార్చి బ్యాటరీలంత. కరెంటు మాత్రం మూడు లక్షల ఆంపియర్లు! ఒక్కో అల్యూమినియం అయాన్‌కు మూడేసి ఎలక్ట్రాన్లు అందాలి మరి. అలా ఒక్కో తొట్టెలో గంటకు సుమారు 95 కిలోల లోహం అడుగున చేరుతుంది. విడిపోయిన ఆక్సిజన్ పైనున్న కార్బన్ దిమ్మెలను తినేస్తూ కార్బన్ డయాక్సైడ్‌గా పోతుంది. బల్బు ఒకటి పోతే సీరియల్ సెట్టంతా ఆరిపోతుంది. ఇక్కడ అలా కాకుండా, పాడైన తొట్టెను వదిలి కరెంటు పక్కనుంచి పోయేలా లావుపాటి లోహపు పట్టీలు వేస్తారు.

ఐస్‌లాండ్ తూర్పు తీరంలో 2007లో మొదలైన ఫ్యాక్టరీలో 336 తొట్టెలున్నాయి. దానికోసమే 690 మెగావాట్ల జలవిద్యుత్ కేంద్రం కట్టారు. ఖనిజం ఓడలో వస్తుంది, నదిని ఓడలో తేలేం. ఒడిశాలోనూ అంతే: బాక్సైట్ కొండల పక్కన దామన్‌జోడిలో అల్యూమినా తీస్తారు, లోహం తీసేది మాత్రం బొగ్గున్న అంగుల్‌లో. మిగిలిన అల్యూమినా మన విశాఖ రేవు నుంచి విదేశాలకు వెళ్తుంది. ప్రపంచంలో సగానికి పైగా అల్యూమినియం తీసే చైనా తన సామర్థ్యానికి ఏడాదికి 4.5 కోట్ల టన్నుల హద్దు పెట్టుకుంది. దాంతో కొత్త తొట్టెలు ఇండోనేసియాలో లేస్తున్నాయి, ఎక్కువగా బొగ్గు కరెంటుతోనే. నాకు దిగులు కలిగించేది అదే.

ఆ తొట్టెలకు కరెంటు నాలుగైదు గంటలు ఆగిందంటే చాలు, పాల మీద మీగడలా పైన కట్టి ఉండే పెచ్చు లోపలికి దిగుతూ పోతుంది. చివరికి తొట్టె మొత్తం రాయైపోతుంది.