చెస్ పజిల్స్: కొన్ని అపోహలు, వాస్తవాలు

నా దగ్గరికి కోచింగ్‌కి వచ్చేవాళ్లు మొదటి రోజే ఫోన్ తీసి పజిల్ రేటింగ్ (సరైన ఎత్తు కనుక్కోమని ఇచ్చే పొజిషన్లలో వచ్చే స్కోరు) చూపిస్తుంటారు. అందుకే ముందు దాని గురించే.

అపోహ: పజిల్ రేటింగ్ 2200 ఉంటే ఆట కూడా అదే స్థాయిలో ఉండాలి.

వాస్తవం: ఉండదు. ఆ రెండు రేటింగులూ వేర్వేరు లెక్కలు. పజిల్ తెరవగానే ఇక్కడ ఏదో ఉందని మీకు తెలిసిపోతుంది, అసలు ఆటలో ఆ మాట ఎవరూ చెప్పరు కాబట్టి ఎదురుగా ఫోర్క్ (ఒకే పావు ఒకేసారి రెండింటి మీద దాడి చేయడం) కనిపిస్తున్నా మనం హాయిగా రూక్‌ని పక్క గడికి జరిపి కూర్చుంటాం. దీనికి నేను చేయించే పని ఒకటుంది. మీరు ఆడిన గేముల్లో ఇంజిన్ (ఎత్తులు లెక్కగట్టే చెస్ ప్రోగ్రామ్) అంచనా ఒక్కసారిగా తలకిందులైన చోట ఆగండి, అక్కడి నుంచి రెండు మూడు ఎత్తులు వెనక్కి వెళ్లి ఆ పొజిషన్‌ని ఫైల్‌లో దాచుకోండి, వాటి మధ్య ఏ ట్యాక్టిక్ (లాభం తెచ్చే చిన్న ఎత్తుగడ) లేని పొజిషన్లు కూడా కొన్ని కలపండి. అప్పుడు "ఏమీ లేదు" అనేది కూడా సరైన జవాబే అవుతుంది.

అపోహ: త్యాగం (కావాలని పావుని ఇచ్చేయడం) కనిపిస్తే జవాబు అదే.

వాస్తవం: 1999లో నెదర్లాండ్స్‌లోని వైక్ ఆన్ జీ టోర్నమెంట్‌లో బల్గేరియా గ్రాండ్‌మాస్టర్ టోపలోవ్ మీద రష్యా దిగ్గజం కాస్పరోవ్ 24వ ఎత్తులో రూక్‌తో డి4 గడిలోని బంటుని కొట్టాడు. టోపలోవ్ ఆ రూక్‌ని తీసుకున్నాడు, ఆ తర్వాత అతని రాజు తెల్లవాళ్ల మొదటి వరుస దాకా పరిగెత్తాల్సి వచ్చింది. తీసుకోకుండా రాజుని బి6కి జరిపి ఉంటే కాస్పరోవ్‌కి గెలుపు దొరికేది కాదు. అంత గొప్ప ఆటలోనే ఇలా ఉంటే, లెక్క వేయకుండా బిషప్‌ని ఎదుటి రాజు ముందున్న హెచ్7 గడి మీద పారేసే మన సంగతి చెప్పాలా!

అపోహ: లక్ష గేముల డేటాబేస్ దింపుకుంటే ఆట బాగుపడుతుంది.

వాస్తవం: ఆ గేములు వచ్చే పీజీఎన్ అంటే ఎత్తులు రాసి ఉండే మామూలు టెక్స్ట్ ఫైల్, నోట్‌ప్యాడ్‌లోనైనా తెరుచుకుంటుంది. దింపుకోవడం ఎంత తేలికో, దాన్ని ముట్టుకోకుండా వదిలేయడమూ అంతే తేలిక. మీ ఓపెనింగ్ (మీరు ఆట మొదలుపెట్టే ఎత్తుల వరస) వచ్చిన ఇరవై గేములు చాలు. ఇంజిన్ ఆపేసి, పన్నెండో ఎత్తు నుంచి మిగతావి దాచి, మీ ఎత్తు కాగితం మీద రాసుకున్నాకే తర్వాతిది చూడండి.

అపోహ: చేసిన పజిల్ మళ్లీ చేయడం దండగ.

వాస్తవం: కాదు. నెల తర్వాత తిరగేయండి. రెండోసారీ అదే పిన్ (వెనకున్న విలువైన పావు కోసం ముందున్నది కదల్లేకపోవడం) దగ్గర తప్పితే, దాన్ని విడిగా ఇంకో ఫైల్‌లోకి మార్చండి.