రీల్స్‌లో ఒక్కరే అన్ని పాత్రలూ వేసి నవ్వించడం: అపోహలు – వాస్తవాలు

అపోహ: ఇంట్లో జరిగింది జరిగినట్టు వీడియో తీస్తే చాలు, నవ్వు అదే వస్తుంది.

వాస్తవం: ఏది ఉంచాలో, ఏది తీసేయాలో తేల్చుకోవడమే అసలు పని. చుట్టాలు "ఇక బయల్దేరతాం" అని లేచి, గుమ్మం దగ్గర ఇంకో అరగంట మాట్లాడటం మనందరి ఇళ్లలో ఉన్నదే. అది 30 సెకన్లలో రావాలి. అందుకే కబుర్లన్నీ తీసేసి, ఒక చెప్పు తొడుక్కుని రెండోదాన్ని కాలితో వెతుక్కుంటూ "అన్నట్టు..." అని కొత్త సంగతి ఎత్తుకునే క్షణం ఒక్కటే ఉంచుతాను. చూసేవాళ్లకు తమ పిన్నో అత్తయ్యో కనిపించేది అక్కడే. అరిచి, కళ్లు పెద్దవి చేసి నటిస్తే ఆ పిన్ని మాయమై నేను మిగులుతాను.

అపోహ: చున్నీయో విగ్గో మారిస్తే ఇంకో పాత్ర అయిపోతుంది.

వాస్తవం: పాత్రల్ని విడదీసేది చూపు. అమ్మగా లెన్స్‌కి కుడివైపు చూస్తే, కూతురిగా ఎడమవైపు చూడాలి. కూతురు కూర్చుని ఉంటే అమ్మ చూపు కిందికి, కూతురి చూపు పైకి ఉండాలి. ఫోన్ స్టాండుకి అటూ ఇటూ బొట్టుబిళ్లలు అంటించి వాటినే చూస్తాను. కొత్తవాళ్లు మాట్లాడే షాట్లు మాత్రమే తీసి, వినే షాట్లు వదిలేస్తుంటారు. నవ్వు ఎక్కువగా పుట్టేది వినే ముఖంలోనే! ఎదుటి పాత్ర మాటలు ముందే రికార్డు చేసి, ప్లే చేసుకుంటూ ఆ షాట్ తీయండి.

అపోహ: ఇదంతా రీల్స్ వచ్చాక పుట్టింది.

వాస్తవం: ఫ్రాన్స్‌లో తొలితరం సినిమా దర్శకుడు జార్జ్ మెలియెస్ 1900లోనే ఒకే ఫ్రేములో ఏడుగురు వాయిద్యకారులుగా తానొక్కడే కనిపించాడు. మనకు పగటివేషాలు ఉండనే ఉన్నాయి. ఖాకీ బట్టలు, టోపీ, కట్టె తుపాకీతో పిట్టలదొర ఒక్కడే కోతలు కోసి ఊరంతటినీ నవ్వించేవాడు.

అపోహ: ఇంట్లోవాళ్లను అనుకరిస్తే ఎగతాళి చేసినట్టే.

వాస్తవం: అలవాటు మీద నవ్వు వేరు, రంగు మీదో లావు మీదో యాస మీదో నవ్వు వేరు. రెండోది నేను తీయను. ఆ మనిషి పక్కన కూర్చుని చూడలేని వీడియో పెట్టను కూడా.

అపోహ: మంచి కెమెరా లేనిదే కుదరదు.

వాస్తవం: ఫోన్ చాలు. ఫ్యాన్ ఆపండి, మాట స్పష్టంగా వస్తుంది. ఫోకస్, ఎక్స్‌పోజర్ (వెలుతురు మోతాదు) మారకుండా లాక్ చేయండి, లేకపోతే షాటుకో వెలుతురు వస్తుంది. ట్యూబ్‌లైట్ కింద వీడియో మినుకుమంటుంటే షటర్ వేగం 1/50 లేదా 1/100 సెకనుకి మార్చండి, మన కరెంటు 50 హెర్ట్జ్ కాబట్టి.