బెల్‌ఫాస్ట్ షార్ట్స్: అసలు తెగింది 1943లోనే

ఉత్తర ఐర్లాండ్‌లోని బెల్‌ఫాస్ట్‌లో ఉన్న షార్ట్స్ విమాన ఫ్యాక్టరీ మళ్లీ చేతులు మారింది. ఈసారి ఇద్దరి చేతుల్లో పడింది. దాని యజమాని స్పిరిట్ ఏరోసిస్టమ్స్‌ను బోయింగ్ కొనేందుకు 2024 జులైలో కుదిరిన ఒప్పందం 2025 డిసెంబరులో ముగిసింది. ఏ220 విమానాల రెక్కలు తయారయ్యే విభాగాన్ని ఎయిర్‌బస్ తీసుకుంది. మిగిలినదంతా దాదాపుగా బోయింగ్ కిందికి వచ్చింది. ఏడాదిన్నర పాటు కార్మిక సంఘాలు అడిగింది ఒక్కటే: ఫ్యాక్టరీని ముక్కలు చెయ్యొద్దు, ప్రభుత్వం కలగజేసుకోవాలి. పంపకం మాత్రం ఆగలేదు.

ప్రభుత్వం కలగజేసుకోవడం ఈ కంపెనీకి కొత్త కాదు. 1943లో ఒకసారి కలగజేసుకుంది. ఇవాళ సంఘాలు అడుగుతున్న తీరులో కాదు. అప్పుడేం జరిగిందో తెలిస్తే తప్ప, ఒకప్పుడు ప్రపంచంలోనే గొప్ప సీప్లేన్లు (నీటి మీద వాలే విమానాలు) గీసిన కంపెనీ ఇవాళ ఇద్దరు పెద్దల మధ్య రెక్కల పనీ బాడీ పనీగా ఎందుకు విడిపోయిందో అర్థం కాదు.

కంపెనీ పెట్టిన ముగ్గురు షార్ట్ సోదరుల బెలూన్లు, రైట్ సోదరుల డిజైన్‌తో వాళ్లు కట్టిన ఆరు విమానాలు, 1915లో షార్ట్ 184 సీప్లేన్ నుంచి ఓడ మీదికి వదిలిన టార్పెడో... ఇవి విమాన చరిత్ర చదివేవాళ్లందరికీ తెలిసినవే. ఒక్క సంగతి గుర్తుంచుకుంటే చాలు. లండన్‌కు తూర్పున మెడ్వే నది ఒడ్డున రోచెస్టర్‌లో వాళ్ల సీప్లేన్ వర్క్స్ ఉండేది. షెడ్డులో కట్టిన విమానాన్ని అక్కడినుంచే నీళ్లలోకి దింపేవారు. పడవ అడుగుభాగం నీటిని ఎలా కోస్తుందో, ఏ వేగం దగ్గర నీటిని వదిలి పైకి లేస్తుందో ఆ షెడ్డులోని వాళ్లకు తెలిసినంతగా బ్రిటన్‌లో మరెవరికీ తెలియదని నా నమ్మకం.

1930ల్లో అక్కడి చీఫ్ డిజైనర్ ఆర్థర్ గౌజ్. ఆయన గీసిన ఎంపైర్ ఫ్లయింగ్ బోట్లను (పడవలాంటి అడుగుభాగమున్న సీప్లేన్లను) బ్రిటిష్ విమాన సంస్థ ఇంపీరియల్ ఎయిర్‌వేస్ నమూనా విమానం ఎగరకముందే, కాగితం మీది బొమ్మ చూసి 28 ఆర్డరిచ్చింది. కరాచీ నుంచి రాజ్‌సమంద్, గ్వాలియర్, అలహాబాద్‌ల మీదుగా కలకత్తాకు చెరువుల మీద, నదుల మీద వాలుతూ వెళ్లినవి అవే. సైన్యం కోసం చేసిన వాటి తోబుట్టువే సండర్‌ల్యాండ్. 1937 అక్టోబరు 16న మొదటిసారి ఎగిరింది. లోపల వంటగది, పడుకోవడానికి బెర్తులు, గంటల తరబడి సముద్రం మీద తిరిగే ఓపిక. మొత్తం 749 తయారయ్యాయి. అట్లాంటిక్‌లో జర్మన్ సబ్‌మెరైన్లను వేటాడాయి. 1944లో బర్మా అడవుల్లో జపాన్ సేనల వెనక పోరాడుతూ చిక్కుకున్న చిండిట్ దళ సైనికుల్లో గాయపడ్డవారిని రెండు సండర్‌ల్యాండ్‌లు ఇందాజీ సరస్సు మీద వాలి బ్రహ్మపుత్ర మీదికి మోసుకొచ్చాయి. అలా దాదాపు 500 మంది బతికి బయటపడ్డారు. 1948లో బెర్లిన్‌ను సోవియట్ సేనలు దిగ్బంధించినప్పుడు ఉప్పు మోసినవీ ఇవే. సముద్రపు నీటికి తట్టుకునేలా కట్టిన విమానం కాబట్టి ఉప్పు దీన్ని మిగతా విమానాల్లా తినెయ్యలేదు.

ఈ సండర్‌ల్యాండ్ గీసిన చేతులే, అదే రోచెస్టర్‌లో, స్టిర్లింగ్‌నూ గీశాయి. నాలుగు ఇంజిన్ల ఆ భారీ బాంబర్ పేరు చెప్పే 1943లో కంపెనీని ప్రభుత్వం తీసేసుకుంది. ఒకే బృందం చేతిలో ఒకటి గొప్ప విమానం, ఇంకోటి అపఖ్యాతి పాలైన విమానం ఎలా అయ్యాయన్నదే అసలు చిక్కుముడి.

స్టిర్లింగ్ రెక్కల నిడివి 99 అడుగుల ఒక అంగుళం. సండర్‌ల్యాండ్‌ది 112 అడుగుల పైచిలుకు. కొత్త బాంబర్‌కూ సండర్‌ల్యాండ్ రెక్కే పెడదామన్నది షార్ట్స్ ఆలోచన. వైమానిక మంత్రిత్వ శాఖ షరతు మాత్రం రెక్క నూరు అడుగులు దాటకూడదని. హ్యాంగర్ తలుపుల వెడల్పు కోసమే ఆ షరతు పెట్టారని చాలా పుస్తకాల్లో కనిపిస్తుంది. అప్పటికే ఉన్న హ్యాంగర్ల తలుపులు అంతకంటే వెడల్పుగా ఉండేవని చెప్పేవారూ ఉన్నారు. విమానం బరువు పెరిగిపోకుండా పగ్గం వెయ్యడమే దాని ఉద్దేశమని వారి వాదన. కారణం ఏదైనా రెక్క కురచైంది. బరువెక్కిన విమానానికి కురచ రెక్క పెడితే ఎత్తుకు ఎక్కదు. స్టిర్లింగ్ బాంబులతో 17,000 అడుగులు అందుకోవడానికే అవస్థ పడేది. పైన లాంకాస్టర్ బాంబర్లు 20,000 అడుగుల మీద పోతుంటే కింద స్టిర్లింగ్‌లు జర్మన్ ఫిరంగులకు దొరికిపోయేవి.

అంతటితో అవలేదు. 1938 సెప్టెంబరులో షార్ట్స్ సగం సైజు నమూనా కట్టి ఎగరేసింది. గాల్లోకి లేవడానికి పరుగు మరీ పొడుగు పడుతోంది, రెక్క వాలు మూడు డిగ్రీలు పెంచండి అని పరీక్షించినవాళ్లు అడిగారు. అప్పటికి ఉత్పత్తికి కావాల్సిన బిగింపులన్నీ సిద్ధమైపోయాయి. రెక్కను మార్చలేక చక్రాల కాళ్లను పొడుగు చేశారు. చూసినవాళ్లకు కొంగలా కనిపించే ఆ కాళ్లే తర్వాత లెక్కలేనన్ని ప్రమాదాలకు కారణమయ్యాయి. 1939 మే 14న మొదటి స్టిర్లింగ్ మొదటిసారి గాల్లోకి లేచి, దిగేటప్పుడు బ్రేకు పట్టేసి, కాళ్లు విరిగి, అక్కడికక్కడే పనికిరాకుండా పోయింది.

1940 మేలో విమానోత్పత్తి మంత్రి బీవర్‌బ్రూక్ ఐదు రకాల విమానాలకే పెద్దపీట అన్నాడు: స్పిట్‌ఫైర్, హరికేన్, వెల్లింగ్టన్, విట్లీ, బ్లెనిమ్. స్టిర్లింగ్ ఆ జాబితాలో లేదు. దానికి రావాల్సిన సామాను, మనుషులు పక్కకు మళ్లారు. అదే ఏడాది ఆగస్టులో జర్మన్ బాంబర్లు రోచెస్టర్ మీద పడి, దాదాపు పూర్తయిన స్టిర్లింగ్‌లను నేల మీదే నాశనం చేశాయి. పనిని ఊళ్లూళ్లకూ చెదరగొట్టాల్సి వచ్చింది. బెల్‌ఫాస్ట్‌లో హార్లాండ్ అండ్ వుల్ఫ్ ఓడల కంపెనీతో కలిసి 1936లో పెట్టిన షార్ట్ అండ్ హార్లాండ్ ఫ్యాక్టరీ మీద భారం పెరిగింది. ఓడల పని తెలిసిన ఊరది. విమానం పని అప్పుడప్పుడే నేర్చుకుంటోంది.

ఈ వరుస చూశాక 1942 డిసెంబరుకు వద్దాం. బాంబర్ కమాండ్ అధిపతి ఆర్థర్ హారిస్ వైమానిక శాఖ మంత్రి సింక్లెయిర్‌కు ఘాటైన లేఖ రాశాడు. స్టిర్లింగ్ దళాలు ఖర్చుకు తగ్గ పని చెయ్యడం లేదని, ఫ్యాక్టరీల నుంచి వచ్చేవాటిలో సగం తప్పుడు విమానాలేనని, చేతకానివాళ్లను టోకున తీసిపారెయ్యాలని. తన కుర్రాళ్లు రాత్రికి రాత్రి చచ్చిపోతుంటే ఆ కోపం రావడం సహజం. కానీ రెక్క కురచవ్వాలని షరతు పెట్టినవాళ్ల పేరు, ఐదు విమానాల జాబితా రాసినవాళ్ల పేరు ఆ కోపంలో ఎక్కడా లేవు.

అప్పటికి విమానోత్పత్తి మంత్రి స్టాఫర్డ్ క్రిప్స్. అదే ఏడాది మార్చిలో మన దేశానికి రాయబారం తెచ్చి, విఫలమై వెళ్లిన క్రిప్సే. 1943 జనవరిలో ఆస్వాల్డ్ షార్ట్ ఛైర్మన్ పదవి వదిలాడు. ముగ్గురు అన్నదమ్ముల్లో అప్పటికి బతికి ఉన్నది ఆయనొక్కడే, వయసు అరవై. గౌరవ జీవితకాల అధ్యక్షుడన్న బిరుదు చేతిలో పెట్టారు. మార్చి 23న క్రిప్స్ కామన్స్ సభలో ప్రకటించాడు: యుద్ధకాలపు రక్షణ నిబంధన 78 కింద షార్ట్ బ్రదర్స్ షేర్లన్నీ ప్రభుత్వానివి.

మంత్రిత్వ శాఖ వాదన క్లుప్తంగా ఇది: ఉత్పత్తి చాలడం లేదు, యాజమాన్యం బలహీనంగా ఉంది, యుద్ధం ఆగదు. అందులో నిజం లేకపోలేదు. షార్ట్స్ వాళ్లు చేతిపనివాళ్లు. ఒక్కో విమానాన్నీ ఓడను కట్టినట్టు ఓపిగ్గా కట్టే అలవాటు వాళ్లది. వేలల్లో దించమంటే తడబడ్డారు. కానీ ఆలస్యమైన కంపెనీలు ఇంకా ఉన్నాయి, చెడిపోయిన విమానాలు ఇంకా ఉన్నాయి. అవ్రో సంస్థ మాంచెస్టర్ బాంబర్ ఘోరంగా విఫలమైంది. కంపెనీని ఎవరూ లాక్కోలేదు. దానికి రెక్క పెంచి, రెండు ఇంజిన్లను నాలుగు చేసి లాంకాస్టర్‌గా మార్చుకునే వీలు దొరికింది. షార్ట్స్‌కు అలాంటి రెండో అవకాశం దక్కలేదు. ఈ కథలో నన్ను ఎక్కువ బాధపెట్టే పోలిక ఇదే.

ఆ ఏడాదే గౌజ్ షార్ట్స్‌ను వదిలి ఐల్ ఆఫ్ వైట్‌లోని సాండర్స్-రో కంపెనీకి వెళ్లిపోయాడు. ఆ ద్వీపం నుంచే 1947లో ఎస్ఆర్.ఏ/1 వచ్చింది. నీటి మీద నుంచి లేచే జెట్ ఫైటర్ అది. 1952లో ప్రిన్సెస్ వచ్చింది. 219 అడుగుల రెక్కలతో, పది ఇంజిన్లతో లేచిన ఆ మహా ఫ్లయింగ్ బోట్‌లు మూడు కట్టారు, ఎగిరింది ఒక్కటే. యుద్ధకాలంలో ప్రపంచమంతా కాంక్రీటు రన్‌వేలు పరిచేశాక నీటి మీద వాలే విమానానికి కాలం చెల్లింది. 1943 జరగకపోయినా ఫ్లయింగ్ బోట్లు బతికేవని నేననడం లేదు. వాటిని గీసినవాళ్లు కలిసి ఉండి ఉంటే, తర్వాత ఏం గియ్యాలో వాళ్లే తేల్చుకునేవారు అంటున్నాను.

కొత్త యజమాని చేసిన పెద్ద పని, అంతా బెల్‌ఫాస్ట్‌కు తరలించడం. రోచెస్టర్ సీప్లేన్ వర్క్స్ 1948లో మూతపడింది. మెడ్వే ఒడ్డున తరాలుగా పనిచేసిన కుటుంబాలకు సముద్రం దాటి రావాలో, పని మానాలో తేల్చుకోవాల్సి వచ్చింది. బెల్‌ఫాస్ట్ నుంచి వచ్చిన కొత్త నీటి విమానం ఒక్కటే, సీల్యాండ్ అనే చిన్న ఉభయచరం. పాతిక తయారయ్యాయి. వాటిలో పది మన నౌకాదళానికి వచ్చాయి. 1953 ఫిబ్రవరిలో కొచ్చిలో దిగిన సీల్యాండ్ భారత నౌకాదళపు మొట్టమొదటి విమానం.

ప్రభుత్వం చేతిలో ఉన్న నలభై ఆరేళ్లూ డిజైనర్లు చేతులు కట్టుకు కూర్చోలేదు. 1958లో ఎస్‌సీ.1 నిలువుగా లేచి నిలువుగా దిగింది. దానివెంట ఉత్పత్తి ఆర్డరు మాత్రం రాలేదు. బెల్‌ఫాస్ట్ అని ఊరి పేరే పెట్టుకున్న భారీ సరుకు విమానాన్ని వైమానిక దళం పది కొని ఆపేసింది. ఎప్పటికప్పుడు ఫ్యాక్టరీని నిలబెట్టింది పరుల పనే: క్యాన్‌బెరాలు, బ్రిటానియాలు, ఫోకర్ విమానాల రెక్కలు, ఇంజిన్ల తొడుగులు. ఉత్తర ఐర్లాండ్‌లో ఉద్యోగాలు కాపాడాలన్నది లండన్ లెక్క. ఆ లెక్కకు ఎవరి విమానమైనా ఒకటే. స్కైవ్యాన్, 330, 360 లాంటి సొంత చిన్న విమానాలు అమ్ముడుపోయినా ఆ దారి అక్కడే ఆగింది.

1989లో థాచర్ ప్రభుత్వం పాత అప్పులు తానే భరించి, కంపెనీని కెనడా బొంబార్డియర్‌కు 3 కోట్ల పౌండ్లకు ఇచ్చేసింది. బొంబార్డియర్ బెల్‌ఫాస్ట్‌కు తన సీ-సిరీస్ ప్రయాణికుల విమానం రెక్కల పని ఇచ్చింది. కార్బన్ మిశ్రమంతో చేసే ఆ రెక్క నిజంగా గొప్ప ఇంజినీరింగ్. 2017లో ఆ విమానాన్ని సబ్సిడీతో చవగ్గా అమ్ముతున్నారని అమెరికాలో ఫిర్యాదు చేసింది బోయింగే. దాదాపు 300 శాతం సుంకం వేస్తామని అమెరికా అంది. బెల్‌ఫాస్ట్‌లో వేల ఉద్యోగాలు ఊగిసలాడాయి. ప్రధాని థెరిసా మే ట్రంప్‌తో ఫోన్‌లో మాట్లాడాల్సి వచ్చింది. 2018 జనవరిలో అమెరికా వాణిజ్య కమిషన్ నలుగురు సభ్యులూ బోయింగ్ వాదనను కొట్టేశారు. అదే ఏడాది సీ-సిరీస్‌లో పెద్ద వాటా ఎయిర్‌బస్ చేతికి వెళ్లి దాని పేరు ఏ220 అయింది. 2020లో బెల్‌ఫాస్ట్ ఫ్యాక్టరీ స్పిరిట్‌కు పోయింది. ఇప్పుడు ఆ రెక్క ఎయిర్‌బస్‌ది, పక్కనున్న పని ఆ రెక్కకు సుంకం వేయించబోయిన బోయింగ్‌ది. ఎన్నాళ్లు ఇలా కలిసి ఉండనిస్తారని కార్మికులు అడుగుతుంటే అది ఉత్త భయం అనలేం.

పంపకాల్లో చాలా ముందే విడిపోయిన శాఖ ఒకటుంది. షార్ట్స్ క్షిపణులు కూడా గీసింది: సీక్యాట్, బ్లోపైప్, ఆ తర్వాత స్టార్‌స్ట్రీక్. ఆ విభాగం 2000లో ఫ్రెంచ్ రక్షణ సంస్థ థేల్స్ చేతికి పూర్తిగా వెళ్లింది, కానీ దాని డిజైన్ పని బెల్‌ఫాస్ట్‌లోనే మిగిలింది. 2025 ఫిబ్రవరిలో మన హైదరాబాద్‌లోని భారత్ డైనమిక్స్ ఈ భుజం మీది నుంచి పేల్చే క్షిపణుల కోసం థేల్స్‌తో ఒప్పందం చేసుకుంది. మార్చిలో ఉక్రెయిన్ కోసం 5,000 క్షిపణులకు 160 కోట్ల పౌండ్ల ఒప్పందాన్ని బ్రిటన్ ప్రకటించింది. అక్టోబరులో భారత సైన్యానికి 35 కోట్ల పౌండ్ల విలువైన క్షిపణుల ఒప్పందం ఖరారైంది. దానివల్ల ఉత్తర ఐర్లాండ్‌లో 700కు పైగా ఉద్యోగాలు నిలబడతాయని బ్రిటిష్ ప్రభుత్వం చెప్పింది. అదే ఊళ్లో, అదే పాత కంపెనీ నుంచి వచ్చిన ఈ ముక్క చేస్తున్నది తాను గీసుకున్న సరుకు.