పేరు ఒకరిది, గీత ఇంకొకరిది: మట్, జెఫ్‌ల పాత తగాదా

అమెరికాలో జనవరి 1 వచ్చిందంటే పాత కార్టూన్ పాత్రల కాపీరైట్ గడువు తీరుతుంది, గొడవ మళ్లీ మొదలవుతుంది. 2024లో తొలినాటి మిక్కీ మౌస్, 2025లో పత్రికలో పుట్టిన పొపాయ్. బొమ్మ ఎవరి సొత్తు? పత్రికదా, గీసినవాడిదా? ఈ ప్రశ్న మూకీల నాటిది. నా లెక్కలో అసలు మలుపు 1907.

ఆ నవంబర్‌లో శాన్‌ఫ్రాన్సిస్కో క్రానికల్ పత్రిక ఆటల పేజీలో కార్టూనిస్ట్ బడ్ ఫిషర్ గుర్రప్పందాల పిచ్చోడు మట్‌ని కామిక్ స్ట్రిప్‌గా, అంటే వరస బొమ్మల కథగా గీశాడు. నెల తిరక్కుండానే పత్రికల అధిపతి హర్స్ట్‌కి చెందిన ఎగ్జామినర్ అతన్ని లాక్కుంది. వెళ్తూ వెళ్తూ ఫిషర్ చివరి స్ట్రిప్‌లో కాపీరైట్ తనదని సొంత చేత్తో రాసిపెట్టాడు. క్రానికల్ వేరే ఆర్టిస్టుతో మట్‌ని కొనసాగించబోయింది కానీ సాగలేదు. తర్వాత హర్స్ట్ సంస్థతోనూ తగువు వచ్చింది. స్ట్రిప్‌కి డబ్బు పెట్టి పేరు తెచ్చింది తామేనన్నది వాళ్ల వాదన. 1921లో న్యూయార్క్ అత్యున్నత కోర్టు ఫిషర్ వైపే తీర్పిచ్చింది. కాట్జెన్‌జామర్ కిడ్స్ అనే ఇంకో స్ట్రిప్ గీసిన డర్క్స్‌కి ఈ అదృష్టం లేదు. పాత్రలు గీసుకోవచ్చన్నారు గానీ, స్ట్రిప్ పేరు మాత్రం హర్స్ట్‌కే పోయింది.

ఇంతవరకూ ఫిషర్ గెలుపు మనందరి గెలుపులాగే అనిపిస్తుంది. కానీ మట్, అతని జోడీ జెఫ్‌లతో 1916 నుంచి వచ్చిన మూకీ కార్టూన్ల సంగతి వేరు. వాటి వెనుక పని మాంట్రియల్ నుంచి వచ్చిన రౌల్ బారేది, చార్లీ బోవర్స్‌ది, వాళ్ల స్టూడియో కుర్రాళ్లది. నేపథ్యాన్ని ప్రతిసారీ గీయకుండా ఒకే కాగితం మీద ఉంచేవాళ్లు. పైన బొమ్మ ఉన్న కాగితం పెట్టి, అడ్డొచ్చిన మేర కోసేసేవాళ్లు. కాగితాలు జరగకుండా అంచున కన్నాలు పొడిచి మేకులకు తగిలించేవాళ్లు. కొన్ని నిమిషాల నవ్వు కోసం వేల కాగితాలు. మాట లేదు కాబట్టి స్ట్రిప్‌లోలాగే బుడగలో అక్షరాలు రాసేవాళ్లు. తెర మీద పెద్దగా పడేది మాత్రం ఫిషర్ పేరే.

పత్రిక యజమానుల చేతిలోంచి తన పేరు కాపాడుకున్న మనిషే పక్కవాళ్ల పేర్లకి చోటివ్వలేదు. ఇది నాకు నిజంగా బాధగా ఉంటుంది. ఆ మూకీల గడువు తీరిపోయింది, ఇవాళ ఎవరైనా ఆన్‌లైన్‌లో పెట్టుకోవచ్చు. పెట్టేవాళ్లు దయచేసి బారే, బోవర్స్‌ల పేర్లు కూడా రాయండి.