ఆస్ట్రో బాయ్ రీళ్లు ఎలా పోయాయి, ఎవరి దగ్గర మిగిలాయి?

పాత జపాన్ కార్టూన్ల డబ్బింగ్ వెర్షన్లను ఆన్‌లైన్ ఆర్కైవ్‌లలో పెట్టడంపై గొడవ మళ్లీ రాజుకుంది. నోటీసు రావడం, వీడియోలు మాయం కావడం, కొన్నాళ్లకు అవే ఇంకోచోట తేలడం మామూలైపోయింది. ఈ పేచీ ఎక్కడ ముదిరిందో తెలియాలంటే 1975కి వెళ్లాలి.

జపాన్ బొమ్మల కథకుడు ఒసాము తెజుకా సృష్టించిన రోబో బాలుడి టీవీ కార్టూన్ ఆస్ట్రో బాయ్ గురించి కొత్తగా చెప్పక్కర్లేదు. 193 ఎపిసోడ్లలో 104 అమెరికా టీవీ సంస్థ ఎన్‌బీసీ ద్వారా ఇంగ్లిష్‌లో వచ్చాయి. 1975లో లైసెన్సు గడువు తీరేనాటికే దాన్ని తీసిన ముషి ప్రొడక్షన్ స్టూడియో దివాలా తీసి రెండేళ్లయింది. మాస్టర్లను (కాపీలు తీసే మూల ఫిల్ములను) జపాన్‌కు తెప్పించుకునే స్తోమత అక్కడ ఎవరికీ లేకపోవడంతో ఎన్‌బీసీ వాటిని నాశనం చేయించిందని డబ్బింగ్ బాధ్యత చూసిన ఫ్రెడ్ లాడ్ చెప్పారు. అంతా కాగితాల ప్రకారమే జరిగింది మరి.

మిగిలినవి అమెరికా టీవీ స్టేషన్లకు పంపిన 16 ఎంఎం ప్రింట్లు. అవి అభిమానుల ఇళ్లకు ఎలా చేరాయని ఆరా తీస్తే ఇబ్బందే. కానీ తర్వాత వచ్చిన వీడియో క్యాసెట్లకు ఆ ప్రింట్లే ఆధారమయ్యాయి.

34వ ఎపిసోడ్ కథ ఇంకా విచిత్రం. పని ఒత్తిడితో తెజుకా దాన్ని స్టూడియో జీరో అనే మరో కార్టూన్ సంస్థకు అప్పగించారు. అక్కడ గీసినవాళ్లలో తర్వాత డోరేమాన్‌ను సృష్టించిన ఫుజికో కూడా ఉన్నారు. ఎవరి శైలిలో వాళ్లు గీసేశారు. సీను మారితే ఆస్ట్రో ముఖం కూడా మారిపోయింది! తెజుకాకు అది నచ్చలేదు, జపాన్‌లో ఫిల్మ్ మిగల్లేదు. చాలా ఏళ్ల తర్వాత అది అమెరికాలో దొరికింది, ఇంగ్లిష్ డబ్బింగ్ ప్రింటుగా. అనువాదం ఉండబట్టే అసలు బొమ్మ బతికింది.

హక్కుదారుల మాటా కొట్టిపారేసేది కాదు. సంగీతం, గొంతులు, అనువాదం ఒక్కోటి ఒక్కొక్కరి సొత్తు. ఉచితంగా దొరికితే కొత్త డిస్కులు ఎవరు కొంటారు? సరే. మరి హంగామా, కుషి టీవీల్లో విన్న తెలుగు గొంతులను కొనుక్కుందామంటే దుకాణమేది?

1998 నాటి అమెరికా కాపీరైట్ చట్టం ప్రకారం తొలగింపు నోటీసు పంపేవాళ్లు ఆ ఎపిసోడ్ కాపీ తమ దగ్గర ఉందో లేదో చెప్పాల్సిన పని లేదు.