క్లచ్ సెట్ మార్చే ముందు కారు కింద ఒకసారి చూడండి

బ్రాడీపేట, గుంటూరు

చిరంజీవులు మనవరాలికీ, మనవడికీ తాతయ్య ఆశీస్సులు.

క్వాలిస్ మొండికేసిందని, గేర్లు పడటం లేదని మీ అమ్మ ఫోనులో చెప్పింది. విజయవాడ ఆటోనగర్‌లో ఎవరో చూసి, గేరుబాక్సు దించి క్లచ్ సెట్ మొత్తం, అంటే క్లచ్ ప్లేటూ ప్రెషర్ ప్లేటూ బేరింగూ, మార్చాలన్నారట. ఆయన అబద్ధం చెప్పాడని నేను అనను. కానీ కారు కిందికి తొంగి కూడా చూడకుండా ఆ మాట అన్నాడట. నా అభ్యంతరమంతా అక్కడే. గేరుబాక్సు దించడం తేలిక పని కాదు, దానికి కూలీ ఎక్కువ, పైగా సెట్ ఖరీదు. మీ అమ్మ చెప్పిన లక్షణాలను బట్టి చూస్తే, తప్పు అరచేతిలో పట్టే ఒక చిన్న సిలిండర్‌ది కావచ్చు, దాన్ని స్లేవ్ సిలిండర్ అంటారు. అది గేరుబాక్సుకు బయటే ఉంటుంది. రెండు బోల్టులు విప్పితే చేతికి వస్తుంది. ఈ సంగతంతా ఫోనులో చెబితే సగం గాలికి పోతుంది. కాగితమైతే కారు కింద పడుకున్నప్పుడు పక్కన పెట్టుకుని చదువుకోవచ్చు.

నేను మెకానిక్‌ను కాను, విడిభాగాల కౌంటరు వెనక కూర్చున్నవాణ్ణి. నిన్న కొన్న వస్తువు బిగించినా రోగం తగ్గలేదని మర్నాడు ముఖం వేలాడేసుకుని వాపసు ఇవ్వడానికి వచ్చేవాళ్లను అక్కడ బాగా చూశాను. వాళ్లలో క్లచ్ బాధితులదే పెద్ద వాటా. అందుకే కొనడం సంగతి తరవాత, ముందు ఏది పోయిందో తేల్చుకోండి.

మారుతి 800లో క్లచ్ పెడల్ నుంచి గేరుబాక్సు దాకా కేబుల్ ఉంటుంది. క్వాలిస్‌లో ఆ పని బ్రేక్ ఆయిల్ చేస్తుంది. పెడల్ తొక్కితే ఒక కడ్డీ మాస్టర్ సిలిండర్‌లోని పిస్టన్‌ను నెడుతుంది. అక్కడి ఆయిల్ సన్నని పైపు గుండా కిందికి వెళ్లి స్లేవ్ సిలిండర్ పిస్టన్‌ను బయటికి తోస్తుంది. ఆ పిస్టన్ ముందున్న కడ్డీ ఫోర్కు అనే లివరును నెడుతుంది. ఫోర్కు రెండో కొస బేరింగును ప్రెషర్ ప్లేటు వేళ్ల మీదికి ఒత్తుతుంది. అప్పుడు ప్రెషర్ ప్లేటు పట్టు సడలి క్లచ్ ప్లేటు ఇంజను నుంచి విడిపోతుంది, గేరు హాయిగా పడుతుంది. చిన్నవాడు బడిలో చదివిన పాస్కల్ సూత్రమే ఇదంతా.

ఇక్కడ ఒక లెక్క చూడండి. మాస్టర్ బోరు, అంటే లోపలి వ్యాసం, 5/8 అంగుళం, స్లేవ్ బోరు 13/16 అంగుళం అనుకుందాం. వైశాల్యంలో స్లేవ్ దాదాపు 1.7 రెట్లు పెద్దది. అంటే బలం 1.7 రెట్లు పెరుగుతుంది, కదలిక అంతే నిష్పత్తిలో తగ్గుతుంది. పైన పిస్టన్ 25 మిల్లీమీటర్లు కదిలితే కింద కడ్డీ సుమారు 15 మిల్లీమీటర్లు మాత్రమే కదులుతుంది. ఆ కాస్త కదలికతోనే క్లచ్ ప్లేటు విడిపోవాలి. మధ్యలో ఆయిల్ కారినా, గాలి చేరినా అందులో మూడు నాలుగు మిల్లీమీటర్లు హరించుకుపోతాయి. ప్లేటు పూర్తిగా విడిపోదు, గేరు వేయబోతే గరగరమంటుంది. క్లచ్ సెట్ కొత్తదే అయినా ఈ లోపం ఉంటే ఇదే బాధ.

ఇప్పుడు రెండు రోగాలను విడదీయాలి. మొదటిది క్లచ్ జారడం. కొండపల్లి ఖిల్లా ఘాట్ రోడ్డు ఎక్కుతుంటే ఇంజను అరుస్తుంది, బండి మాత్రం ఆ అరుపుకు తగ్గట్టు కదలదు, కాలిన వాసన వస్తుంది. ఇది చాలావరకు ప్లేటు అరిగిన లక్షణం, దీనికి గేరుబాక్సు దించాల్సిందే. రెండోది క్లచ్ విడవకపోవడం. ఇంజను ఆపి ఉన్నప్పుడు గేర్లన్నీ మెత్తగా పడతాయి. స్టార్ట్ చేశాక మొదటి గేరు మొరాయిస్తుంది, రివర్స్ వేస్తే పళ్లు కొరికినట్టు చప్పుడు వస్తుంది. పెడల్ పూర్తిగా తొక్కి ఉంచినా బండి ముందుకు పాకుతుంది. రెండు మూడుసార్లు గబగబా తొక్కితే గేరు పడుతుందంటే అనుమానం మరింతగా ఆయిల్ వైపే మళ్లాలి. మీ అమ్మ చెప్పినది అచ్చంగా ఈ రెండో రకం. జారే బండికి స్లేవ్ మార్చినా, విడవని బండికి పరీక్ష చేయకుండా ప్లేటు మార్చినా డబ్బు కృష్ణలో పోసినట్టే.

బానెట్ ఎత్తండి. డ్రైవరు వైపు వెనక గోడకు బ్రేకుల డబ్బా ఉంటుంది, దగ్గరలోనే క్లచ్‌ది చిన్న డబ్బా. అందులో మట్టం తగ్గిందా చూడండి. ఆయిల్ ఎండకు ఆవిరై పోయేది కాదు. తగ్గిందంటే ఎక్కడో కారుతోంది. కారే చోట్లు ముఖ్యంగా రెండు. ఒకటి, పెడల్ పైన మాస్టర్ కడ్డీ లోపలికి వెళ్లే చోటు. సీటు ముందు తలదూర్చి వేలితో తడమండి, కింద పరచిన మ్యాట్ కూడా ఎత్తి చూడండి. తడి తగిలితే మాస్టర్ పోయింది. రెండోది, కారు కింద స్లేవ్ కొసనున్న రబ్బరు తొడుగు. దాన్ని కొద్దిగా వెనక్కి లాగండి. లోపల మామూలుగా పొడిగా, మహా అయితే కాస్త దుమ్ముతో ఉండాలి. నల్లటి ఆయిల్ బొట్లు బొట్లుగా జారిందంటే లోపల ఆయిల్‌ను ఆపే రబ్బరు కప్పు చిరిగింది, దొంగ దొరికాడు.

కారు కిందికి వెళ్లే ముందు ఒక మాట, ఇందులో బేరాలు లేవు. చదునైన నేల మీద ఆపి, హ్యాండ్ బ్రేకు వేసి, చక్రాలకు ముందూ వెనకా చెక్కలు అడ్డం పెట్టండి. జాకీ మీద నిలబెట్టిన బండి కిందికి చేయి కూడా పెట్టకండి. ఎత్తాల్సి వస్తే ఇనుప స్టాండ్లు వేశాకే దూరండి. పటమటలో మీ ఇంటి ముందు రోడ్డు వాలుగా ఉంది, అక్కడ వద్దు, లోపల సిమెంటు నేల మీద చేయండి. కళ్లద్దాలు పెట్టుకోండి, బ్రేక్ ఆయిల్ కంట్లో పడితే మంట భరించలేరు.

ఇక అసలు పరీక్ష. ఇంజను ఆపి, గేరు న్యూట్రల్‌లో పెట్టి, తమ్ముణ్ణి నెమ్మదిగా క్లచ్ తొక్కమనమ్మా. నువ్వు కింద నుంచి టార్చి వేసి స్లేవ్ కడ్డీని చూడు. కడ్డీ పక్కన చిన్న స్కేలు పట్టుకుంటే ఇంకా మంచిది. కడ్డీ ఐదారు మిల్లీమీటర్లకే ఆగిపోతే ఆయిల్ వ్యవస్థలో లోపం. కడ్డీ 12, 15 మిల్లీమీటర్లు నిక్షేపంగా కదిలి అక్కడే నిలబడి, అయినా గేరు పడటం లేదంటే సిలిండర్లు నిర్దోషులు, ఫోర్కో బేరింగో ప్లేటో లోపలే ఏదో ఉంది. ఆ పక్షంలో ఆటోనగర్ ఆయన చెప్పిందే నిజం, ఆయన దగ్గరికే వెళ్లండి. మూడో సంగతి కూడా ఉంది. పెడల్ తొక్కి అలాగే ఉంచితే కడ్డీ మెల్లమెల్లగా వెనక్కి వస్తోందా? బయట ఎక్కడా తడి లేకుండా అలా వస్తే మాస్టర్ లోపలి కప్పు అరిగి, ఆయిల్‌ను వెనక్కి వదిలేస్తోంది. బెంజ్ సర్కిల్ దగ్గర సిగ్నల్‌లో గేరు వేసి క్లచ్ తొక్కి నిలబడితే కాసేపటికి బండి దానంతటదే ముందుకు జరగడం ఈ బాపతే. ఎవరైనా తొక్కుతుండగా పైపు చివరనున్న రబ్బరు గొట్టం మీద చేయి వేసి చూడు. అది ఉబ్బుతూ ఉంటే బలం అక్కడే ఖర్చయిపోతోంది, దాన్నీ మార్చాలి.

స్లేవ్ అని తేలాక కిట్ వేయాలా, కొత్త సిలిండర్ వేయాలా అని అడుగుతారు. కిట్ అంటే రబ్బరు కప్పూ తొడుగూ మాత్రమే, చవక. సిలిండర్ విప్పి బోరు శుభ్రంగా తుడిచి గోరుతో గీసి చూడాలి. గోరు ఎక్కడా తట్టుకోకుండా అద్దంలా ఉంటే కిట్ చాలు. తుప్పు గుంటలుంటే కొత్త కప్పు కూడా నెలల్లో చిరుగుతుంది. బ్రేక్ ఆయిల్ గాలిలో తేమను పీల్చుకుంటుంది, ఆ తేమే లోపల తుప్పు పట్టిస్తుంది. కృష్ణ ఒడ్డున ఉన్న ఊళ్లో ఏళ్ల తరబడి ఆయిల్ మార్చని బండి బోరు అద్దంలా ఉంటుందని నేను ఆశించను. క్వాలిస్ మన దేశానికి 2000లో వచ్చింది, 2005లో దాని చోటులోకి ఇన్నోవా వచ్చేసింది. అంటే మీ బండికి తక్కువలో తక్కువ ఇరవై ఏళ్లు. నన్నడిగితే కొత్తదే వేయండి.

కొనడానికి పాత సిలిండర్ చేత్తో పట్టుకునే వెళ్లండి. బండి పేరు చెబితే చాలదు. చాలా సిలిండర్ల ఒంటి మీద బోరు సైజు అచ్చుపోసి ఉంటుంది. దాన్నీ, బోల్టు రంధ్రాల దూరాన్నీ, పైపు నట్టు మరనూ కౌంటరు మీదే సరిచూడండి. పెట్టె మీది పేరు కన్నా లోపలి రబ్బరు ముఖ్యం. తొడుగును వంచితే సన్నని పగుళ్లు కనిపిస్తే అది ఏళ్లుగా అరలో మగ్గిన సరుకు, తిరిగి ఇచ్చేయండి. ఆయిల్ డబ్బా మూత మీద డాట్ 3 అని బ్రేక్ ఆయిల్ రకం రాసి ఉంటే అదే, సీలు తీయని కొత్త సీసా కొనండి. ఇంట్లో ఎప్పుడో తెరిచిన సగం సీసా వాడవద్దు. డాట్ 3 కొత్తగా ఉన్నప్పుడు కనీసం 205 డిగ్రీల సెల్సియస్ దాకా మరగకూడదు. తేమ పట్టాక ఆ ప్రమాణం 140కి పడిపోతుంది. పొరపాటున కూడా ఇంజన్ ఆయిల్ పోయకండి. రబ్బర్లన్నీ ఉబ్బి, పైనుంచి కింద దాకా మొత్తం మార్చాల్సి వస్తుంది.

విప్పడంలో కష్టమంతా పైపు నట్టు దగ్గరే. అది మెత్తటి లోహం, తుప్పు పట్టి ఉంటుంది. మామూలు పానా వేసి బలం చూపిస్తే మూలలు గుండ్రమైపోతాయి. దానికి పక్కన చీలిక ఉన్న రింగు పానా దొరుకుతుంది, ఫ్లేర్ నట్ పానా అని అడగండి. ముందు రోజు రాత్రే తుప్పు వదిలించే స్ప్రే కొట్టి ఉంచండి. సిలిండర్ బోల్టులు ఇంకా బిగిసి ఉండగానే ఆ నట్టును వదులు చేయండి, సిలిండర్ ఊడి చేతిలో ఊగుతుంటే నట్టు తిరగదు. తరవాత కింద ఒక తట్ట పెట్టి, బోల్టులు విప్పి బయటికి తీయండి. ఆయిల్ రంగు మీద పడితే వెంటనే నీళ్లతో కడగండి, లేకపోతే పెయింటు లేచిపోతుంది. సిలిండర్ బయట ఉన్నంతసేపూ ఎవరూ పెడల్ తొక్కకూడదు.

కొత్తది పెట్టేటప్పుడు పైపు నట్టును మొదట వేళ్లతోనే నాలుగు చుట్లు తిప్పండి, బోల్టులు ఆ తరవాతే బిగించండి. వేళ్లతో తిరగకపోతే మర అడ్డంగా ఎక్కుతోందన్న మాట, విప్పి మళ్లీ పెట్టండి. గొట్టం చివర రాగి వాషర్లుంటే కొత్తవి వేయండి. కడ్డీ కొస ఫోర్కు గుంటలో కూర్చునే చోట చిటికెడు గ్రీజు రాయండి.

మిగిలింది గాలి తీయడం. గాలి నలిగే వస్తువు, ఆయిల్ నలగదు. బుడగ ఉన్నంతకాలం దూది మూటను తొక్కినట్టే ఉంటుంది. స్లేవ్ మీద పైకి చూస్తూ ఒక చిన్న నిపుల్ ఉంటుంది. దానికి పారదర్శకమైన సన్నని గొట్టం తగిలించి, రెండో కొసను కాస్త బ్రేక్ ఆయిల్ పోసిన సీసాలో ముంచండి. లోపల కూర్చున్నవాడు నెమ్మదిగా తొక్కి, "పట్టుకున్నాను" అనాలి. అప్పుడు కింద ఉన్నవాళ్లు నిపుల్ సగం చుట్టు తిప్పాలి, బుడగలతో ఆయిల్ వస్తుంది, పెడల్ నేలకు పోతుంది. నిపుల్ బిగించి "వదులు" అన్నాకే కాలు తీయాలి. బిగించకముందే తీస్తే గాలి మళ్లీ లోపలికి పోతుంది, చేసినదంతా వృథా. మొదట్లో పెడల్ పైకి రాకపోవచ్చు, చేత్తో లాగండి. నాలుగైదు సార్లకు ఒకసారి పై డబ్బా నింపుతూ ఉండండి. అది ఖాళీ అయిందంటే మొదటికి వచ్చినట్టే. మీరిద్దరూ మాట్లాడుకునే పద్ధతి నాకు తెలుసు కనుక చెబుతున్నాను, ఆ పది నిమిషాలు పోట్లాట వద్దు. బుడగలు ఆగి, పాత నల్లటి ఆయిల్ పోయి కొత్తది తేటగా వచ్చేదాకా చేయండి. సీసాలో పడ్డదాన్ని మళ్లీ డబ్బాలో పోయకండి, కాలవలో కూడా పారబోయకండి, మూత బిగించి వాడేసిన ఇంజన్ ఆయిల్ తీసుకునే షెడ్డులో ఇవ్వండి.

ఇప్పటి కొన్ని కార్లలో ఈ స్లేవ్‌ను గేరుబాక్సు లోపలే, షాఫ్టు చుట్టూ బేరింగుతో కలిపి పెడుతున్నారు. అది కారితే గేరుబాక్సు దించక తప్పదు. మీ నాన్న కొత్త కారు కొంటానంటున్నాడు కదా, ఆ సంగతి అప్పుడు అడిగి తెలుసుకోండి.

పని పూర్తయ్యాక ఇంజను స్టార్ట్ చేసి, క్లచ్ తొక్కి, మూడు నాలుగు సెకన్లు ఆగి రివర్స్ వేయండి. చప్పుడు లేకుండా పడితే సరి. మర్నాడు పొద్దున్నే కొత్త తొడుగు లోపలా, పైపు నట్టు దగ్గరా తడి ఉందేమో చూడండి, డబ్బాలో మట్టానికి స్కెచ్ పెన్నుతో గీత పెట్టి ఓ వారం గమనించండి. స్లేవ్ కొత్తదై బలంగా నిలబడితే, అదే వయసున్న పాత మాస్టర్ తట్టుకోలేక కొన్నాళ్లకు కారడం మామూలే. గీత కన్నా మట్టం దిగి, కింద అంతా పొడిగా ఉంటే డ్రైవరు మ్యాట్ ఎత్తండి. అక్కడ తడి కనిపిస్తే ఫోటో తీసి పంపండి, మాస్టర్ సంగతి ఇంకో ఉత్తరంలో రాస్తాను.

ఆశీస్సులతో,
తాతయ్య