హెచ్చా, ఎయిచ్చా: ఒక్క మార్కు వెనక కథ

తిరుపతిలో యూనిట్ టెస్టు పేపర్లు ఇళ్లకు వచ్చినప్పుడల్లా ఈ గొడవ ఏదో ఒక రూపంలో లేస్తూనే ఉంటుంది. ఈసారి ఖాళీ పూరించే ప్రశ్న దగ్గర లేచింది. తాతగారికి హెచ్.ఎం.టి. వాచీ ఉందని చెప్పే ఇంగ్లీషు వాక్యం. హెచ్.ఎం.టి. ముందు ‘ఎ’ రాయాలా, ‘యాన్’ రాయాలా? ఆరో తరగతి పాప ‘ఎ’ రాసింది. ఎర్ర ఇంకుతో ఇంటూ పడింది, ఒక మార్కు పోయింది.

2019లో వచ్చిన ఇంగ్లీషు మీడియం జీవోలు, 2020 ఏప్రిల్‌లో హైకోర్టు వాటిని కొట్టేయడం, ఆ వాదోపవాదాలు అందరికీ తెలిసినవే. వాటి జోలికి వెళ్లను. ఈ ఒక్క మార్కు కథ వేరు, వాటికంటే చాలా పాతది.

స్కూలు వాళ్ల మాట ఒక్క ముక్కలో చెప్పొచ్చు: డిక్షనరీలో H అక్షరం పేరు ‘ఎయిచ్’, అచ్చు శబ్దంతో మొదలవుతుంది, కాబట్టి ‘యాన్’. కీలో కూడా అదే ఉంది.

పాప తండ్రి వాదన ఇంకొంచెం దూరం పోతుంది. ‘ఎ’నో ‘యాన్’నో తేల్చేది రాత కాదు, నోట్లో వచ్చే శబ్దం అని నేర్పింది ఆ స్కూలే. పాపకు ఎల్.కె.జి.లో ‘హెచ్ ఫర్ హెన్’ అని నేర్పిందీ ఆ స్కూలే. తను పలికిన శబ్దానికి ఆ రూలే పెట్టి చూసుకుంటే వచ్చేది ‘ఎ’నే. ‘‘మీరు నేర్పించిందే రాసింది గదా సార్, తప్పెట్లయితాది?’’ అని ఆయన అడిగినాడు. ఆ ప్రశ్నకు నాకు తెలిసి ఇంకా జవాబు రాలేదు.

అసలు మలుపు 1762లో ఉంది. డబ్లిన్‌లో పుట్టిన థామస్ షెరిడన్ అనే నటుడు ఇంగ్లండులో ఉచ్చారణ మీద ఇచ్చిన ఉపన్యాసాలు ఆ ఏడాది పుస్తకంగా వచ్చాయి. ఒక ఐర్లండు మనిషి ఇంగ్లీషు వాళ్లకు ఇంగ్లీషు ఎట్లా పలకాలో చెప్పాడన్నమాట. మాట మొదట్లో హకారం మింగేయడాన్ని ఆయన లోపాల లెక్కలో వేశాడు. అంతకుముందూ జనం మింగేవాళ్లే గానీ దాన్నెవరూ అంత పట్టించుకోలేదు. ఆ తర్వాత వందేళ్లలో హకారం మనిషి అంతస్తును కొలిచే తూకంరాయి అయింది. వ్యాపారంలో నాలుగు డబ్బులు చూసి పెద్ద ఇళ్లల్లో విందులకు పోవడం మొదలుపెట్టినవాళ్లకు హ జారిపోతుందేమోనని ఒకటే టెన్షన్. 1850లలో లండన్‌లో ఈ ఒక్క అక్షరం మీదే చిన్న పుస్తకాలు వేసి అమ్మారు. భయంలో కొందరు అక్కర్లేని చోట కూడా హ తగిలించేవాళ్లు. ఆ అక్షరం పేరును ‘హెయిచ్’ అనడం కూడా అట్లాంటి పొరపాటేనని ముద్ర పడింది. మన పాప పేపరు మీది ఎర్ర ఇంటూకు మూలం అక్కడే ఉందని నా అభిప్రాయం.

ఇందులో తమాషా ఏమిటంటే, ఆ అక్షరం పేరులోనే మొదట హ ఉండేది. లాటిన్‌లో దాని పేరు ‘హా’. లాటిన్ మాట్లాడేవాళ్ల నోట్లో హ మాయమయ్యేసరికి ఆ పేరు ‘ఆ’గా మిగిలి, A అక్షరం పేరుతో కలిసిపోయే ప్రమాదం వచ్చింది. దాంతో ‘అచ్చా’ లాంటి రూపం పుట్టింది, ఫ్రెంచిలో అది ‘ఆష్’ అయింది. ఫ్రాన్సు నుంచి దండెత్తి వచ్చిన నార్మన్ల వెంట ఇంగ్లండు చేరి చివరికి ‘ఎయిచ్’గా తేలింది.

ఇంకొకటి. 1791లో జాన్ వాకర్ అచ్చువేసిన ఉచ్చారణ నిఘంటువులో హ పలకకూడని మాటల పట్టీ ఉంది. ‘అవర్’, ‘ఆనర్’, ‘ఆనెస్ట్’ల సరసన ‘హాస్పిటల్’ కూడా ఉంది. అంటే ఆ రోజుల్లో లండన్ పెద్దమనిషి ‘ఆస్పిటల్’ అనాలి! ఆ మాట మనదాకా ఏ దారిన వచ్చిందో గానీ, తిరుపతి రుయా పెద్దాసుపత్రి దగ్గర ఆటో దిగే పల్లెటూరి అవ్వ ‘ఆసుపత్రి’ అన్నప్పుడు హ లేదు. దాన్ని మోటు అనేవాళ్లకు ఈ పట్టీ ఒకసారి చూపించాలి.

ఐర్లండు సంగతి కాస్త చేదు. ఉత్తర ఐర్లండులో అల్లర్లు నడిచిన దశాబ్దాల్లో ‘హెయిచ్’ అంటే కేథలిక్కు, ‘ఎయిచ్’ అంటే ప్రొటెస్టెంటు అని మనిషిని పోల్చుకునేవాళ్లు. ఇటు బ్రిటన్‌లోనే, 1982 తర్వాత పుట్టినవాళ్లలో 24 శాతం మంది ‘హెయిచ్’నే ఇష్టపడుతున్నారని ధ్వనిశాస్త్రవేత్త జాన్ వెల్స్ సర్వేలో తేలింది. డిక్షనరీలో ప్రామాణిక రూపం మాత్రం ఇప్పటికీ ‘ఎయిచ్’నే.

మన ‘హెచ్’కు ఐర్లండు మిషనరీ స్కూళ్లు కారణమనే మాట అప్పుడప్పుడు వినిపిస్తుంది. నాకైతే అంత దూరం పోవాలనిపించదు. మన అక్షరానికి పేరూ పలుకూ ఒకటే. క అంటే క, హ అంటే హ. అట్లా అలవాటైన నోటికి హ లేని హెచ్ ఎట్లా రుచిస్తుంది? చిత్తూరు నుంచి గుడిపాల దాటి వేలూరు దారి పట్టండి. హ కోసం గ్రంథలిపి (తమిళనాట సంస్కృతం రాసే లిపి) నుంచి అక్షరం తెచ్చుకున్న తమిళం వాళ్లు పేరు ముందు ఇనిషియల్‌గా ‘ఎచ్’ అని రాసుకోవడం కనిపిస్తుంది. డిక్షనరీకి మనకంటే వాళ్లే దగ్గర. ఆ ఒక్క కారణానికి వాళ్ల ఇంగ్లీషు గొప్పదని ఎవరైనా అన్నారా?

పాప తండ్రి పేపరు మీద సంతకం పెట్టకుండా, ఒక అర్జీ రాసుకుని శనివారం స్కూలుకు పోయినాడు. గది బయట స్టూలు మీద కూర్చున్న అటెండరు పేపరు అటూ ఇటూ తిప్పి చూసి, ‘‘హెచ్చెం సారు లేరు, సోమవారం రాండి’’ అన్నాడు.